బొట్టు పెట్టే చెయ్యి

"నువ్వు బొట్టు పెట్టనంటే కోడల్ని బండెక్కించి ఇంటికి తీస్కపోత," అంది కిష్టమ్మ.

ఖాజాగూడ చెరువు పక్కన కొత్తగా కట్టిన కాన్పుల దవాఖాన ముందు ఊరి ఆడవాళ్లంతా మూగారు. గడప దగ్గర నిండు నెలల భూలక్ష్మి నడుం పట్టుకుని మూలుగుతోంది. బిడ్డ అడ్డం తిరిగిందని, ఇంట్లో పురుడు పోస్తే తల్లి కూడా దక్కదని నర్సమ్మ మొత్తుకుంటోంది. అత్తగారు కిష్టమ్మ వింటేగా!

దవాఖాన కట్టించిన నీలవేణి కుంకుమ భరిణె పట్టుకుని నిలబడి ఉంది. నాటకాల్లో పేరు తెచ్చుకుని, మద్రాసు వెళ్లి టాకీల్లో వెలిగి, సంపాదించినదంతా ఇలాంటి పనులకు పోస్తున్న మనిషి. చచ్చిన మొగుణ్ని బతికించుకునే పతివ్రత వేషంలో ఆమె తెర మీదకు వస్తే చాలు, ఆడవాళ్లు లేచి హారతులిచ్చేవారు. రజాకార్ల గొడవ సద్దుమణిగిన మరుసటి ఏడు ఈ ఊరికొచ్చి, అడగకుండానే ఇది కట్టించింది.

"నేను వేషాలేసుకునేదాన్నమ్మా," అంది నీలవేణి నేల చూస్తూ. "మీలో ఎవరైనా పెద్ద ముత్తయిదువ పెట్టండి. నన్ను వదిలేయండి."

"మా నొసలు ముట్టుకుంటె నీ చేతులు మాసిపోతయా? పైసలిచ్చినవని గంత గీరనా?"

నీలవేణికి తల కొట్టేసినట్టయింది. రంగస్థలం మీద ఎన్నడూ తడబడని మనిషి, ఇక్కడ నలుగురు ఆడవాళ్ల ముందు చెమటలు కక్కింది. తెర మీది పుణ్యం నిజంగానే తన చేతికి అంటుకుందని నమ్మే ఆ అమాయకులను చూస్తే ఆమెకు చచ్చేంత సిగ్గేసింది.

భూలక్ష్మి కేక పెట్టింది. ఇక లాభం లేదని నీలవేణి కుంకుమలో వేలు అద్దింది. ఆ వేలు మధ్యలోనే ఆగిపోయింది.

గుంపు వెనక నుంచి ఒక ముసలామె కన్నార్పకుండా ఆమెనే చూస్తోంది.

కిష్టమ్మ తిరిగి చూసి మండిపడింది. "సత్తెమ్మా! ముండమోసినదానివి, బొట్టు పెట్టే యాల్ల ఎదురుంగ నిలబడతవా? జర పక్కకు జరుగు!"

చేవెళ్ల దిక్కు నుంచి వచ్చి తమ్ముడి పంచన బతుకుతున్న మనిషి సత్తెమ్మ. ఆమెను ఎవరైనా అదిలించవచ్చు. కానీ ఆ తిట్టు తనకే తగిలినట్టు నీలవేణి ముఖం ఎర్రబడింది. భరిణె మూసేయబోయింది.

"పెట్టు బిడ్డా," అంది సత్తెమ్మ, అక్కణ్నుంచి జరగకుండానే.

అందరూ నోరెళ్లబెట్టారు.

"గా చెయ్యి మంచిది కిష్టమ్మా. ఇగ ఆలస్యం చెయ్యకుండ్రి."

"నీకెట్లెరుక?"

"ఎరుకే అంటున్న గద!"

ఆ గొంతులో ఏం వినిపించిందో, కిష్టమ్మ కోడల్ని ముందుకు నడిపించింది. నీలవేణి భూలక్ష్మి నొసట బొట్టు పెట్టింది. నర్సమ్మ ఆమెను గబగబా లోపలికి నడిపించుకుపోయింది.

నీలవేణి తలెత్తేసరికి సత్తెమ్మ ముఖానికి కొంగు అడ్డం పెట్టుకుని చెరువు గట్టు మీద వెళ్లిపోతోంది. ఆ ముసలామె సిగ్గు ముందు తన సిగ్గు ఏపాటిదో నీలవేణికి ఒక్కదానికే తెలుసు.

కొడుకు పోయిన నాడు, శవం పక్కనే కూర్చోబెట్టి, కోడలు నీలవేణి గాజులు రాతితో పగలగొట్టింది ఆ సత్తెమ్మే.