సంత దాకా గడువు

తాళాల గుత్తి గలగలమంటే చాలు, సోములమ్మ గుండె జారిపోతుంది. ప్రేమ్‌కుమార్ వస్తున్నాడని అర్థం.

ఆ పూటా అంతే. పెరటి పాకలో రేషన్ బియ్యం గంజి కాచుకుంటోంది. చప్పుడు వినగానే కట్టె వెనక్కి లాగి నీళ్లు చల్లేసింది. పొగ కనిపిస్తే అయ్యగారికి కోపం. ముందు గదుల్లో దిగే టూరిస్టులకి దగ్గొస్తుందట. అరకు చలిలో పొయ్యి లేకుండా మనిషి ఎలా బతకాలో అతను చెప్పలేదు. అడిగే ధైర్యం ఈమెకి లేదు.

"ఇంకా ఇక్కడే ఉన్నావా?" పాక గుమ్మంలో నిలబడి అన్నాడు ప్రేమ్‌కుమార్.

"ఎక్కడికెల్తాను బాబూ?"

"అదంతా నాకు చెప్పకు. సీజన్ మొదలైంది. ఈ పాక పీకించి టెంట్లు వేయిస్తున్నాను. శుక్రవారం సంత దాకా చూస్తాను. ఆ తర్వాత నీ సామాన్లు రోడ్డు మీద ఉంటాయి. పోలీసుల దగ్గరికి పోతావేమో, వాళ్లంతా నాకు తెలిసినవాళ్లే."

సోములమ్మ చేతులు జోడించింది. "కొత్త సామలు ఇంకా పెద్దలకి పెట్టనేదు బాబూ. లోపలి గదిలోనే పెట్టాల. ఒక్క పూట తలుపు తీత్తే..."

"గెస్టులున్నారు" అని చక్కా వెళ్లిపోయాడు.

కొత్త పంట ఇంట్లో పెద్దలకి పెట్టందే సోములమ్మ వాళ్లలో ఎవరూ నోట పెట్టరు. మొగుడి ప్రాణం పోయిందీ ఆ లోపలి గదిలోనే. ఇప్పుడక్కడ డబుల్ కాట్ మంచం, గోడకి టీవీ. కొత్త సామలు కుండలో అలాగే ఉన్నాయి.

ఆ రోజు నుంచి ఆమెకి కంటి మీద కునుకు లేదు. రోడ్డు మీద జీపు ఆగితే చాలు, సామాన్లు విసిరెయ్యడానికే వచ్చారని లేచి కూర్చునేది. ఉన్నవే ఎన్ని? చాప, కుండలు, ఒక ట్రంకు పెట్టె. వాటన్నిటినీ ఒక మూలకి చేర్చుకుని పక్కనే ముడుచుకుంది. గట్టిగా కేకేస్తే చుట్టుపక్కల వాళ్లు రారా అంటే వస్తారు. కేకెయ్యడానికి నోరు రావాలి కదా, పాపం.

గురువారం సాయంత్రం పక్కింటి కోడలు జాయ్ వచ్చింది. అంగన్‌వాడీ టీచరు, కాస్త నోరున్న పిల్ల.

"పిన్నీ, రేపు సంత కాడ కమ్యూనిటీ హాల్లో మీటింగంట. ఫణీంద్ర గారని లాయరొస్తన్నారు. ఇల్లు కాలీ సేయించడం గురించే సెప్తారంట. బేగి తయారయిపో, ఎల్దాం."

"ఆ బాబుకి తెలిస్తే సంపేత్తాడే గుంటా."

"తెలియనీ. చట్టమన్నది ఒకటుంటది కదా. ఎన్నాళ్లిలాగ బయపడి సత్తావు?"

వెళ్లారు. హాలు నిండిపోయింది. వెనక గోడకి ఆనుకుని కూర్చుని, జాయ్ చెయ్యి గట్టిగా పట్టుకుంది సోములమ్మ. మైకు ముందు ఫణీంద్ర నింపాదిగా మొదలుపెట్టాడు.

"అద్దెకున్న మనిషిని యజమాని తనకి తోచినప్పుడు గెంటెయ్యడానికి వీల్లేదు. తగిన కారణం చూపించాలి. కోర్టు ఆర్డరు తేవాలి. అంతవరకు కరెంటు తియ్యకూడదు, నీళ్లు ఆపకూడదు, తాళం వెయ్యకూడదు."

హాలంతా చప్పట్లు. సోములమ్మ జాయ్ మొహంలోకి చూసింది.

"ఎవరైనా అడగాల్సింది ఉంటే అడగొచ్చు" అన్నాడు లాయరు.

ఎక్కడి తెగింపో, సోములమ్మ లేచి నిలబడింది. జనం మీంచి చేతులు మారుతూ మైకు ఆమె దాకా వచ్చింది. రెండు చేతులా పట్టుకుంది.

"బాబూ... కోర్టుకెల్తే ఎన్నాళ్లవుద్ది?"

ఫణీంద్ర ఆమె చిరిగిన చీర చూశాడు. అతని గొంతు మెత్తబడింది.

"ఏళ్లు పట్టొచ్చమ్మా. అప్పీళ్లంటూ ఇంకా సాగొచ్చు. తీర్పు వచ్చేదాకా అద్దెకున్న మనిషిని ఎవరూ కదపలేరు. మీరు ధైర్యంగా ఉండండి. మీలాంటివాళ్ల కోసమే ఈ చట్టం."

మళ్లీ చప్పట్లు. సోములమ్మ ఉన్నచోటే కూలబడింది. కళ్ల వెంట నీళ్లు ధారగా కారుతున్నాయి. సంతోషం పట్టలేక ఏడుస్తోందనుకున్నాడు ఫణీంద్ర. "ఊరుకో పిన్నీ, ఊరుకో" అంటూ ఆమెని పొదివి పట్టుకుంది జాయ్.

సోములమ్మ ఇంట్లో ఓ నాలుగు నెలలు అద్దెకుంటానని దిగిన ప్రేమ్‌కుమార్, ముందు వరసలో కూర్చుని అందరికంటే గట్టిగా చప్పట్లు కొడుతున్నాడు.