జనం తరఫున జయప్రకాష్

“ఈ కేసు నాకోసం కాదు పిన్నీ, జనం కోసం!” అద్దం ముందు కాలరు సరిచేసుకుంటూ అన్నాడు జయప్రకాష్.

మాంగో బస్తీలో అతని ఇంటి గుమ్మంలో చేరబడిన పక్కింటి సింహాచలమ్మ వక్కపలుకు ఈ దవడ నుంచి ఆ దవడకి మార్చుకుంది.

“ఆ జనంలో నానూ ఉన్నానేటిరా? మొన్న కాయితం మీద నా ఏలుముద్ర ఏయించుకున్నావు. ఆ బడి ఎటేపుందో కూడా నాకు తెల్దు.”

“పిల్లల భవిష్యత్తు పిన్నీ!”

“నా మనవలు ఆ బళ్ళో సదవరు గదరా.”

జయప్రకాష్ సిద్ధగోరాలో, సర్కారు సాయంతో నడిచే ఓ బడిలో లెక్కల మాస్టారు. ఆ ఏడు హెడ్డు కుర్చీ ఖాళీ అయితే, అది తనదేననుకుని మెత్తటి దిండు కూడా కొనిపెట్టుకున్నాడు. కమిటీవాళ్ళు అందులో మరొకరిని కూర్చోబెట్టారు. అంతే, ఎక్కడ లేని ప్రజాసేవ పుట్టుకొచ్చింది ఆయనకి. ఎండాకాలమంతా బడిలో పిల్లలకి తాగే నీళ్ళు లేకపోతే నోరు విప్పని మనిషి, సందుసందూ తిరిగి సంతకాలు పోగేసి, రాంచీ హైకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం పడేశాడు.

“కుర్చీ మీకు రావాలని మీ పేరుమీదే అడగొచ్చు కదా? జనాన్ని ఎందుకు లాగుతారు?” తనూ బడికి తయారై, టిఫిన్ డబ్బా చేతికిస్తూ అంది భార్య తనూజ.

అతను ఆమె వంక చూడలేదు. “విన్నావా పిన్నీ! నిన్నటిదాకా నా మాటకి తలూపిన మనిషి, ఇయ్యాళ నామీద హెడ్డు!”

“తలూపితే ఒప్పుకున్నట్టా?” అంది తనూజ.

“చలో, బస్సెళ్ళిపోతుంది,” అని చెప్పుల్లో కాళ్ళు దూర్చాడు.

కోర్టులో జడ్జిగారు కాగితాలు తిరగేసి, “ఆ ఉద్యోగానికి మీరూ దరఖాస్తు పెట్టారా?” అని అడిగారు.

“పెట్టానండీ.”

“మీకే వచ్చుంటే ఈ జనం గుర్తొచ్చేవారా?”

హాలంతా నవ్వింది. ఉద్యోగం తగాదాకి ప్రజల ముసుగు పనికిరాదని, అన్యాయం జరిగిందనుకుంటే తన పేరుతో, తగిన చోట అడుక్కోమని చెప్పి కేసు కొట్టేశారు.

వరండాలోకి రాగానే వకీలు జ్ఞానరత్నం విసుక్కున్నాడు. “మొదట్నుంచీ అదే మొత్తుకున్నాను మాస్టారూ! మీ పేరుతో వేద్దాం. కాకపోతే కుర్చీ దక్కినవారిని ప్రతివాదిగా చేర్చాలి. ఆ పేరు చెప్పమంటే నీళ్ళు నములుతారేం? అంత భయమా?”

“నాకు భయమేటండీ!” అన్నాడే గానీ, ఆ పేరు మాత్రం చెప్పలేదు.

ఇల్లు చేరేసరికి సింహాచలమ్మ గుమ్మంలోనే ఉంది.

“ఏటిరా, జనం ఓడిపోనారంట?”

జయప్రకాష్ పీట మీద కూలబడ్డాడు. “అది కాదు పిన్నీ నా బాధ. ఛుట్టీ అడక్కుండా ఎళ్ళిపోనాను. రేపు సెలవు చీటీ పట్టుకుని హెడ్డు ముందు నిలబడాల. ఏ మొహం పెట్టుకుని సంతకం అడగను?”

తనూజ పళ్ళెంలో అన్నం వడ్డించి, చెయ్యి చాపింది.

“ఆ చీటీ ఇలా తెండి, హెడ్డు సంతకం ఇప్పుడే పెట్టేత్తాను.”