మియో వేసిన అడుగులు

జపాను దేశపు చిత్తడి నేలలో మియో అనే పడుచు కొంగ ఉండేది. ఆమెను పెళ్లాడతామని ఇద్దరు వచ్చారు. గెన్సుకే ఠీవిగా ఉంటాడు, అతని మడుగు నిండా చేపలే. సాకిచి ఒట్టి వాగుడుకాయ, కానీ అతనితో ఉంటే ఆమెకు పొద్దే తెలిసేది కాదు. ఇద్దరూ నచ్చారు, అదే చిక్కు.

వరుడు నాట్యం చేస్తే వధువు అతని అడుగులే వేయాలని అక్కడి ఆచారం.

పెళ్లిళ్లు కుదిర్చే తాబేలు అవ్వ వచ్చి, "ఎవరి వెనక ఆడతావో ఇవాళే తేల్చవే తల్లీ. లేకపోతే మీ నాన్న గెన్సుకేకి మాటిచ్చేస్తాడు" అంది.

మియో చాలాసేపు ఆలోచించి రెక్కలు విప్పింది. "ఇవాళ నేను ఆడతాను అవ్వా. వాళ్లనే నా అడుగులు వేయమను."

అవ్వ కబురుతో కొంగలన్నీ చేరాయి. గెన్సుకే మెడ నిక్కించాడు. "ఆడపిల్ల వెనక గెంతడానికి నేనేమైనా కప్పనా?"

సాకిచి అప్పటికే మియో వెనక గెంతుతున్నాడు. మూడో అడుగులోనే జారి బురదలో కూలబడ్డాడు. "మళ్లీ చూపించు మియో, ఆ మలుపు నాకు అందలేదు" అన్నాడు లేస్తూ.

మియోకి ఇక సందేహం లేదు. "నాన్నా, ఇతనే!" అని గుంపులో ఉన్న తండ్రికి గట్టిగా చెప్పి మళ్లీ మొదలుపెట్టింది. ఈసారి సాకిచి అడుగు తప్పలేదు. చూస్తున్న ఆడకొంగలన్నీ ఒక్కొక్కటే లేచి మియో అడుగులే వేయసాగాయి.