చంపేస్తా అన్న మాట

"చంపేస్తా అన్నారా, అనలేదా? అంతవరకూ చెప్పండి చాలు."

భర్త ఉమాకాంత్ తరఫు లాయరు ఇంగ్లీషులో అడిగినదాన్ని, పక్కనే కూర్చున్న కోర్టు దుబాసీ వసుమతి తెలుగులో చెప్పింది.

"అన్నానండీ" అంది రాధారాణి. 

ఉమాకాంత్ ఎప్పుడో ఫోన్‌లో రికార్డు చేసి దాచుకున్న మాటలు అప్పుడే హాల్లో వినిపించారు. గొంతు ఆమెదే. "ఆరుష్, తింటావా లేదా? తినకపోతే చంపేస్తా, చూడు."

ఆ ఒక్క మాట పట్టుకునే ఏడేళ్ళ కొడుకుని అతను తన దగ్గర ఉంచేసుకున్నాడు. వారానికో గంట, అదీ ఎవరో ఒకామె ఎదురుగా కాపలా కూర్చుంటే, రాధారాణి వాణ్ణి చూసుకోవాలి. తెలుగు దుబాసీ దొరకలేదని ఒకసారి, దొరికినావిడకు జ్వరమని ఇంకోసారి, పిల్లాడు ఎవరి దగ్గర ఉండాలో తేల్చే కేసు వాయిదాల మీద వాయిదాలు పడింది. అమెరికాలోని ఆ చాండ్లర్ ఊళ్ళో ఎండలు వచ్చి వెళ్ళిపోయాయి. ఆరుష్‌కి ముందుపళ్ళు ఊడి కొత్తవి కూడా వచ్చేశాయి.

"మేడమ్," అని రాధారాణి వసుమతి వైపు తిరిగింది. "అది మామూలుగా అనే మాటండీ. మన ఇళ్ళల్లో ఏ తల్లి అనదు చెప్పండి? జడ్జిగారికి మీరైనా కాస్త నచ్చజెప్పండి."

"మీరన్నది అన్నట్టే చెబుతానమ్మా. నా సొంత మాట ఒక్కటీ కలపకూడదు" అని వసుమతి మెల్లిగా అని, ఆ మాటలు జడ్జికి ఇంగ్లీషులో వినిపించింది.

లాయరు లేచాడు. "ఆ మాటకి అసలు అర్థమేమిటో తేల్చడానికి భాషా నిపుణుణ్ణి పిలిపిస్తాం. రెండు నెలలు గడువివ్వండి."

రెండు నెలలా, అనుకుంది రాధారాణి. ఆ నిపుణుడు మాత్రం చంపడమంటే చంపడమనే కదా అంటాడు. జైల్లో పెడతారేమో. ఇండియా పంపేస్తారేమో. ఈలోగా పిల్లాడు తన మొహమే మరిచిపోతాడేమో.

జడ్జి తల అడ్డంగా ఊపింది. "ఇక వాయిదాల్లేవు. మనం ఇలా వాయిదాలు వేసుకుంటూ పోతుంటే పిల్లవాడు పెద్దవాడైపోతున్నాడు. పొద్దున నా గదిలో కూర్చోబెట్టుకుని వాడితో నేనే మాట్లాడాను. ఏం మాట్లాడుకున్నామో చదువుతాను, వినండి."

ఆమె చదువుతుంటే వసుమతి వెంటవెంటనే తెలుగులో చెప్పసాగింది.

"అమ్మ నిన్ను చంపేస్తా అనేదా?"

"ఊఁ. రోజూ."

రాధారాణి కళ్ళు మూసుకుంది. లాయరు తాపీగా కుర్చీలో వెనక్కి వాలాడు.

"అప్పుడు నువ్వేం చేసేవాడివి?"

"నోరు తెరిచేవాణ్ణి."

"మరి నాన్న ఎప్పుడైనా అలా అన్నాడా?"

చివరి మాటను వసుమతి మెల్లిగా చెప్పింది.

"లేదు. నాన్న నాకు అన్నం పెట్టడుగా."