కాలికి తెలిసిన సంగతి

నూనె తీసే పాకలోకి ఒక కొత్త యంత్రం వచ్చింది. గింజలు పోయగానే అది తనంతట తానే తిరిగేది, అవి అయిపోగానే తనంతట తానే ఆగేది. పాకలో తిరిగే కోడి దాన్ని చూసి, "దీనికీ మనలాగే బుద్ధి ఉందేమో!" అంది.

పక్కనే కళ్లకు గంతలతో పాత గానుగ తిప్పుతున్న ఎద్దుకు ఆ మాట ములుకులా గుచ్చుకుంది.

"బుద్ధా, దాని మొహమా! అడ్డం ఎవరొచ్చినా దానికి తెలియదే పిచ్చిదానా. నా కాలి కింద చీమ పడ్డా నాకు తెలుస్తుంది" అని రంకె వేసింది.

"అయితే నీ దగ్గరే నయం మామా" అని కోడి తన పిల్లల్ని ఎద్దు నడిచే బాటలో రాలిన నువ్వులు ఏరుకోమని వదిలింది.

ఎద్దు తల ఎగరేసుకుంటూ తిరిగింది. మూడో చుట్టులో కాలి కింద ఏదో మెత్తగా తగిలింది. అయినా ఏళ్ల తరబడి తిరిగిన కాలు అలవాటు చొప్పున ముందుకే పడింది. కోడి ఏడుస్తూ అడ్డం వచ్చాకే ఎద్దు ఆగింది. అప్పటికే ఒక పిల్ల నలిగి చచ్చిపోయింది.

"కళ్లకు గంతలున్నాయి కదమ్మా" అని ఎద్దు గొణిగింది.

"కళ్ల సంగతి నేనడగలేదు మామా. నీ కాలికి తెలియలేదా?"

తెలియలేదంటే కోడి నమ్మేదే. కానీ ఎద్దు ఆ అబద్ధం ఆడలేకపోయింది. సిగ్గుతో తల నేలకు వాల్చింది.

"తెలిసిందమ్మా" అంది చివరికి. "తెలిసే నడిచాను."