ఉయ్యాల కొక్కెం

"ఇప్పటికి సగం అప్పయినా తీరుంటాది కదండీ?" అని గౌతమి బ్యాంకు ఆఫీసర్ని అడిగింది.

"పదేళ్లుగా మీరు కట్టింది చాలావరకు వడ్డీకే పోయిందమ్మా. రేటు పెరిగినప్పుడల్లా ఈఎంఐ పెంచొద్దన్నారు మీ ఆయన. అందుకే గడువు పెంచాం. ఇంకా పద్దెనిమిదేళ్లుంది."

ధనరాజు భార్య వైపు చూడలేకపోయాడు.

"నెలకి కట్టేది పెరగలేదు కదాని సంబరపడిపోయేను," అన్నాడు.

సగం అప్పు తీరాకే పిల్లలని, ఇంటి లోను తీసుకున్నప్పుడే అనుకున్నారు ఇద్దరూ. గౌతమికిప్పుడు నలభై ఒకటి.

బ్యాంకు నుంచి బయటికొచ్చి ఇద్దరూ బెల్లం మార్కెట్ దాటారు.

"ఇల్లు అమ్మేద్దామా?" అని ధనరాజు అడిగాడు.

"వద్దు. స్లాబేసిన రోజున మేస్త్రీ సేత ఉయ్యాల కొక్కెం పెట్టించేం కదా. పడుకుంటే కళ్లెదురుగా అదే కనపడతంది. దాన్ని మాత్రం కోయించేయ్ బావా."