సొట్టలు పెట్టే మనిషి

ఓడలో పనిచేసే ట్రినిడాడ్ దీవి మనిషి ఒకడు నా షెడ్డులో ఖాళీ ఆయిల్ డ్రమ్ము కొని, దాని అడుగును అక్కడే సుత్తితో గుంట చేయడం మొదలుపెట్టాడు. నేను నలభై ఏళ్లుగా పోర్టు డ్రమ్ముల సొట్టలు తీసి బతికినవాణ్ణి. కావాలని సొట్టలు పెట్టేవాణ్ణి ఎన్నడూ చూడలేదు.

అతణ్ణి తీసుకొచ్చిన ఆటో జాక్సన్‌ని పట్టుకున్నాను. "ఏట్రా, గంజాయి దాయడానికేటి? ఈడు ఓడెక్కి పోతాడు. పోలీసులొత్తే జైలుకెల్లేది నాను."

"కాదు మావా, వాయించడానికంట. ఆళ్ల దీవిలో ఒకప్పుడు దొరలు డోళ్లు కొట్టకూడదన్నారంట. పేదోళ్లు ఆకరికి ఇలాటి డ్రమ్ముల్నే బాజాలు సేసీసారంట."

"కతలు సెప్పకు. ఇనుములో పాటేట్రా?"

మూడు రోజులు భోజనానికి కూడా కదలకుండా కాపలా కాశాను. అతను ఒక్కో సొట్ట కొట్టి, చెవి ఆనించి, మళ్లీ కొట్టేవాడు. నిజంగానే ఒక్కో సొట్టా ఒక్కో స్వరం పలికింది. ఒకటి మాత్రం ఎంత కొట్టినా బొంగురే. చూసి చూసి అతని చేతిలో సుత్తి లాక్కుని, ఆ సొట్టకి వెనక వైపు నుంచి ఒక్క దెబ్బ వేశాను. గుడిగంటలా మోగింది. అతను నా చెయ్యి కళ్లకద్దుకున్నాడు.

ఓడ వెళ్లిపోయింది. ఈరోజు ఒకడు సొట్టపడ్డ డ్రమ్ము దొర్లించుకొచ్చాడు.

"బేగి తియ్యి మావా, లారీ ఆగుంది."

సుత్తి ఎత్తాను. చెయ్యి కిందికి రాలేదు.

"ఆగెహె," అన్నాను. "అందులో ఏటుందో ముందు ఇననియ్యి."